అంటోనియు రైష్: నాలుగు సినిమాలు, ఒక బడి

అంటోనియు రైష్ (1927–1991) పోర్చుగీసు కవి, దర్శకుడు, సినిమా అధ్యాపకుడు. ఆయన పేరు నిలబెట్టిన సినిమాలు నాలుగే: ‘జైమ్’ (1974), ‘త్రాజ్ ఉజ్ మోంతిష్’ (1976), ‘ఆనా’ (1982), ‘రోజా ద అరేయా’ (1989). మొదటిది మినహా మిగతా మూడింటికీ ఆయన భార్య, మానసిక వైద్యురాలు మార్గరీదా కోర్దైరు సహ దర్శకురాలు. మొదటిదానిలోనూ ఆమె చెయ్యి ఉంది. పోర్చుగల్‌లో డాక్యుమెంటరీకీ కథాచిత్రానికీ మధ్య గోడ కూలడం ఎక్కడ మొదలైందని అడిగితే, అక్కడి దర్శకులు చాలామంది ఈ దంపతుల పేరే చెబుతారు. సినిమా జాబితాలు రాసేవాళ్ళు మాత్రం వీటిని ఒకచోట డాక్యుమెంటరీ అని, ఒకచోట ప్రయోగాత్మక చిత్రమని, మరోచోట కథాచిత్రమని రాసి ఊరుకుంటారు.

పదిహేనేళ్ళలో నాలుగు సినిమాలంటే తక్కువే. పైగా అందులో ఒకటి అరగంట దాటి కాస్త నిడివి ఉన్న చిన్న చిత్రం. అయినా, ఆ తర్వాతి పోర్చుగీసు సినిమా మీద ఇంత ముద్ర వేసినవాళ్ళు దర్శకుడు మనువెల్ ద ఒలివేరాను పక్కన పెడితే చాలా కొద్దిమంది.

పోర్టో రోజులు

రైష్ 1927 ఆగస్టు 27న పోర్టో నగరానికి ఎదురుగా, డౌరో నదికి దక్షిణాన ఉన్న విలా నొవా ద గయా మండలంలోని వలదారిష్‌లో పుట్టారు. అప్పటికి ఏడాది ముందే సైన్యం అధికారం చేజిక్కించుకుంది. 1932లో సలజార్ ప్రధాని అయ్యారు. అలా మొదలైన నియంతృత్వం రైష్‌కు నలభై ఆరేళ్ళు వచ్చేదాకా పోలేదు. పుస్తకానికీ పత్రికకీ సినిమాకీ సెన్సారు, మాట తూలితే రహస్య పోలీసులు. ఆయన యౌవనమంతా ఈ వాతావరణంలోనే గడిచింది.

ఆయన మొదట కవి. 1957లో ‘పొయెమష్ కొతిదియానుష్’, అంటే రోజువారీ కవితలు, అనే చిన్న సంపుటి వచ్చింది. కొన్నేళ్ళకు దాని కొనసాగింపూ వచ్చింది. 1967లో రెండూ కలిపి ఒకే పుస్తకంగా వేశారు. ఇంటి పనులు, చాలీచాలని జీతం, చలికాలం, ఇరుకు గదుల్లో భార్యాభర్తల మాటలూ మౌనాలూ అందులో వస్తువులు. పొట్టి పొట్టి పాదాలు. అలంకారం కోసం ఎక్కడా వెతుక్కోని భాష. తర్వాత ఆయన సినిమాల్లో ఒక రొట్టె మీదో కుండ మీదో ఒక చేతి మీదో కెమెరా అంతసేపు ఎందుకు నిలుస్తుందో ఈ కవితలు చదివినవాళ్ళకు వేరే చెప్పనక్కర్లేదు.

సినిమా ఆయనకు క్లబ్బు ద్వారా పరిచయమైంది. 1945లో మొదలైన పోర్టో సినీ క్లబ్బు, దేశంలోని అలాంటి క్లబ్బులన్నిటిలా, సినిమా చూపించే చోటే కాకుండా నోరు విప్పి మాట్లాడుకునే చోటు కూడా. దానికొక ప్రయోగ విభాగం ఉండేది. ఆ విభాగం సభ్యులంతా కలిసి ఉత్తర పోర్చుగల్‌లోని నెవిష్ గ్రామంలో ఏటా ఆడే ‘ఆటు ద ఫ్లోరిపిష్’ అనే జానపద నాటకాన్ని చిత్రీకరించారు. షార్లమేన్ చక్రవర్తి మనుషులకూ తురుష్కులకూ జరిగే యుద్ధం దాని కథ. వేసేది ఊళ్ళోవాళ్ళే. ఆ బృందంలో రైష్ ఒకరు.

అదే తరహా పని మీద ఒలివేరా దృష్టి కూడా పడింది. షావిష్ పట్టణం దగ్గరి కురాల్యా గ్రామంలో రైతులు వేసే క్రీస్తు శ్రమల నాటకాన్ని ఆయన ‘ఆక్తు ద ప్రిమవేరా’గా తీశారు. 1963లో విడుదలైన ఆ సినిమాకు రైష్ సహాయ దర్శకుడు. ఉన్న నాటకాన్ని ఉన్నట్టు తీయడం కాదది. రైతులు కెమెరా కోసం మళ్ళీ ఆడిన నాటకం, దాన్ని తీస్తున్న బృందం, నాటకం చూడ్డానికొచ్చిన పట్నం జనం, చివర్లో ఆధునిక యుద్ధాల దృశ్యాలు, అన్నీ అందులో ఉంటాయి. నిజాన్ని పట్టుకోవాలంటే దాన్ని మళ్ళీ ఆడించక తప్పదన్న పాఠం రైష్‌కు ఇక్కడ దొరికిందనిపిస్తుంది. ఆ కురాల్యా ఉన్నది కూడా, తర్వాత ఆయన సినిమాకు పేరిచ్చిన త్రాజ్ ఉజ్ మోంతిష్ ప్రాంతంలోనే.

ఆ తర్వాత పౌలు రోషా తీసిన ‘ముదార్ ద వీదా’ (1966)కు రైష్ సంభాషణలు రాశారు. ఆఫ్రికాలో సైనిక సేవ ముగించుకుని ఫురదౌరు అనే జాలరిపల్లెకు తిరిగొచ్చిన మనిషి కథ అది. పాత్రలు తక్కువ మాట్లాడతాయి, మాట్లాడినప్పుడు పల్లెకారులలాగే మాట్లాడతాయి. 1960లలో ‘సినిమా నోవు’ పేరిట వచ్చిన పోర్చుగీసు కొత్త తరంతో ఆయన బంధం ఇలా కుదిరింది. ఈ మధ్యలో సెజర్ గెర్రా లెయాల్‌తో కలిసి పోర్టో నగరం మీద, రబగావ్ నది మీద కట్టిన ఆనకట్ట మీద చిన్న చిత్రాలు తీశారు. ఎవరో చెయ్యమంటే చేసిన పనులవి. చెయ్యి తిరగడానికి పనికొచ్చాయి, అంతకు మించి చెప్పుకోనక్కర్లేదు.

జైమ్

లిస్బన్‌లోని మిగెల్ బొంబార్దా మానసిక వైద్యశాలకు పెద్ద చరిత్రే ఉంది. 1848లో పెట్టారు, 2011లో మూసేశారు. అందులో 1896లో కట్టిన భద్రతా విభాగం గుండ్రంగా ఉంటుంది. మధ్యలో పైకప్పు లేని వాకిలి, చుట్టూ గదులు. మధ్యలో నిలబడితే అన్ని తలుపులూ కనిపిస్తాయి. కోర్దైరు ఈ ఆసుపత్రిలో పనిచేసేవారు.

కొవిల్యా దగ్గరి బర్కు గ్రామానికి చెందిన జైమ్ ఫెర్నాందిష్ అనే వ్యవసాయ కూలీ 38 ఏళ్ళ వయసులో అక్కడికి వచ్చారు. 1969లో చనిపోయేదాకా, మూడు దశాబ్దాలకు పైగా అక్కడే ఉన్నారు. వైద్యులు స్కిజోఫ్రేనియా అన్నారు. అరవై దాటాక, ఎవరూ నేర్పకుండానే బొమ్మలు వేయడం మొదలుపెట్టారు. దొరికిన కాగితం మీద బాల్‌పెన్నుతో గీతలు, గీతల మీద గీతలు. వాటిలోంచి పశువులు, పశువుల్లాంటి మనుషులు, మనల్నే చూస్తున్నట్టుండే పెద్ద కళ్ళు బయటికొస్తాయి. చాలా బొమ్మలు పోయాయి. మిగిలినవి కోర్దైరు కంటబడ్డాయి, ఆమె ద్వారా రైష్ చూశారు. సినిమా అక్కడ పుట్టింది.

ఒక రోగి జీవితం మీద డాక్యుమెంటరీ అంటే ఎవరైనా చేసే పని ఒకటుంది. పుట్టుక, జబ్బు, ఆసుపత్రి, కళ అని వరసగా చెప్పి, ఒక వైద్యుడి చేత నాలుగు మాటలు చెప్పించడం. రైష్ వీటిలో ఒక్కటీ చేయలేదు. మొదట ఆ గుండ్రటి వాకిట్లో తిరుగుతున్న, గోడవార కూర్చున్న రోగులను రంగులు లేని చిత్రంలో, తలుపు కన్నంలోంచి చూసినట్టుగా చూపిస్తారు. లూయీ ఆర్మ్‌స్ట్రాంగ్ పాడిన ‘సెయింట్ జేమ్స్ ఇన్ఫర్మరీ’ వినిపిస్తుంది. జేమ్స్ అన్న పేరుకు పోర్చుగీసులో జైమ్ ఒక రూపం. పాటేమో ఆసుపత్రిలో చావు గురించి. ఆ మెలిక ఎవరూ విప్పి చెప్పరు. తర్వాత రంగులు వస్తాయి, బొమ్మలు వస్తాయి. కెమెరా కాగితానికి ఎంత దగ్గరగా వెళుతుందంటే పెన్ను నొక్కిన చోటు ఎక్కడో తెలుస్తుంది. బొమ్మలోని పశువు నుంచి ఒక్క కోతతో బర్కు గ్రామం బయట ఉన్న పశువుకు, నదికి, ఖాళీ ఇంటికి, ఆయన భార్యకు వెళతాం. ఒకచోట స్టాక్‌హౌజన్ ఎలక్ట్రానిక్ సంగీతం.

మనిషి ఎప్పుడో చనిపోయాడు కాబట్టి కెమెరా ముందుకు ఆయన రాలేడు. ఆయన చూసి ఉండగలిగినవన్నీ, ఆయన చేతి గీతలన్నీ ఉన్నాయి. ఈ రెంటినీ ఎదురెదురుగా పెట్టి, ప్రేక్షకుడే వంతెన కట్టుకోవాలని రైష్ వదిలేశారు. అయ్యో పాపం అనిపించే షాట్ ఒక్కటీ లేదు. పిచ్చి, ప్రతిభ అంటూ పెద్ద మాటలూ లేవు. ఆయన సినిమాలన్నిటిలో కొత్తవాళ్ళు మొదట చూడాల్సింది ఇదేనని నా అభిప్రాయం.

1974లో ఇది వచ్చినప్పుడు జువావ్ సేజర్ మోంతైరు, అప్పటికి విమర్శకుడిగానూ దర్శకుడిగానూ ఉన్నవారు, దీన్ని ఆకాశానికెత్తుతూ రాశారు. ఎవరినీ అంత తేలిగ్గా మెచ్చుకునే మనిషి కాదాయన. అదే ఏడాది ఏప్రిల్ 25న సైనికాధికారుల తిరుగుబాటుతో నియంతృత్వం కూలింది. దేశంలోని కెమెరాలన్నీ వీధుల్లోకి వచ్చాయి.

కొండల అవతల

1974 తర్వాతి రెండేళ్ళూ పోర్చుగీసు డాక్యుమెంటరీకి తీరిక లేదు. సభలు, ఊరేగింపులు, భూములను ఆక్రమించుకున్న కూలీలు. లిస్బన్ వీధుల్లో జనంతో మాట్లాడుతూ బ్రెజిల్ దర్శకుడు గ్లౌబర్ రోషా కూడా కనిపించే ‘అజ్ ఆర్మష్ ఇ ఉ పోవు’ ఆ కాలపు సినిమాకు మంచి ఉదాహరణ. సరిగ్గా ఆ రోజుల్లో రైష్, కోర్దైరు దేశానికి ఈశాన్య మూలకు, స్పెయిన్ సరిహద్దున ఉన్న బ్రగాన్సా, మిరాందా దు డౌరు ఊళ్ళకు వెళ్ళారు. కోర్దైరు పుట్టింది ఆ ప్రాంతంలోనే, మొగదౌరు మండలంలో. చలికాలంలో గడ్డకట్టే నేల, ఎండాకాలంలో మండే నేల. రాజధానికి ఎంత దూరమో ప్రభుత్వ శ్రద్ధకూ అంత దూరం. 1960ల నుంచి పదేళ్ళకు పైగా సాగిన వలసల్లో ఎక్కువగా ఫ్రాన్స్ వైపు లక్షల మంది పోర్చుగీసులు వెళ్ళిపోయారు. ఇక్కడి పల్లెల్లో ముసలివాళ్ళు, ఆడవాళ్ళు, పిల్లలు మిగిలారు.

‘త్రాజ్ ఉజ్ మోంతిష్’, అంటే కొండల అవతల, 16 మిల్లీమీటర్ల ఫిల్ము మీద తీసిన, రెండు గంటలకు కాస్త తక్కువ నిడివి ఉన్న చిత్రం. కెమెరా అకాసియు ద అల్మైదాది. నటులంతా ఊరివాళ్ళే. దీనికి కథ అంటూ ఒకటి లేదు, కథలు ఉన్నాయి. గొర్రెల కాపరి పిల్లాడు లోయలోకి గొంతెత్తి మందను పిలవడంతో మొదలవుతుంది. ఆ కేకల్లో మాటలు తక్కువ, రాగాలు ఎక్కువ. ఇద్దరు పిల్లలు పాడుబడ్డ ఇళ్ళు చూస్తారు, ఏటి ఒడ్డున తిరుగుతారు, నీటి మీద పేరుకున్న పలచటి మంచుపలకతో ఆడుకుంటారు. ఇంట్లో ఒకావిడ బ్రాంక ఫ్లోర్ అనే రాకుమారి కథ చెబుతుంది. అర్జెంటీనాకు వెళ్ళిన తండ్రి గురించి ఒక కుటుంబం మాట్లాడుకుంటుంది. ఒకచోట పిల్లలు అలా నడిచివెళ్ళి తిరిగొచ్చేసరికి తరాలు గడిచిపోయి ఉంటాయి, వాళ్ళనెవరూ గుర్తుపట్టరు. ఈ గెంతును సినిమా ఏ గుర్తూ పెట్టకుండా, ఒక ఇంట్లోంచి పక్కింట్లోకి వెళ్ళినంత మామూలుగా చేసేస్తుంది. నిన్న, నిరుడు, మధ్యయుగం ఒకే షాట్ వెలుగులో పక్కపక్కన ఉంటాయి.

అందరూ గుర్తుపెట్టుకునే ఘట్టం ఒకటుంది. దూరాన ఎక్కడో రాజధానిలో కూర్చున్నవాళ్ళు చట్టాలు చేస్తారు, అవేమిటో ఇక్కడివాళ్ళకు తెలియదు, అయినా వాటి కిందే బతకాలి అనే అర్థం వచ్చే కాఫ్కా రచనాభాగం ఒకటి వినిపిస్తుంది. వినిపించేది పోర్చుగీసులో కాదు, మిరాందేశ్ అనే స్థానిక భాషలో. అప్పటికి ఆ భాషకు ఏ అధికారిక హోదా లేదు, చట్టపరంగా దానికి గుర్తింపు వచ్చింది 1999లో. ప్రాగ్ నగరపు యూదు రచయిత మాట పోర్చుగల్ పల్లె నోట ఎంత సహజంగా పలుకుతుందంటే, ఊరి పెద్ద ఎవరో తాతల నాటి సంగతి చెబుతున్నాడేమో అనుకుంటాం. సినిమా వచ్చిన 1976, విప్లవం ముగిసి కొత్త రాజ్యాంగం వచ్చిన ఏడాది. నినాదం ఒక్కటీ లేని ఈ సినిమాలో ఆ ఒక్క ఘట్టం చాలు దాని రాజకీయమేమిటో తెలియడానికి.

చివర చీకట్లో ఒక రైలు. కూత, పొగ, చీకట్లో దాటిపోయే కొద్దిపాటి వెలుగు. ఆ రైళ్ళలోనే జనం ఊళ్ళు వదిలి వెళ్ళారు.

సినిమాను లిస్బన్ కంటే ముందు ఆ ప్రాంతంలోనే చూపించారు. ప్రశంసలతోపాటు నిష్ఠూరాలూ వచ్చాయి. తమ ప్రాంతాన్ని వెనకబడిన చోటుగా చూపించారని కొందరు స్థానికులకు కోపం. ఆ కోపంలో న్యాయం లేకపోలేదు. కరెంటు, ట్రాక్టరు, ఫ్రాన్స్ డబ్బుతో కట్టిన కొత్త ఇళ్ళు అప్పటికే ఆ ఊళ్ళకు వస్తున్నాయి. రైష్, కోర్దైరు వాటి వైపు కెమెరా దాదాపుగా తిప్పలేదు. ఇది ఆ ప్రాంతపు వర్తమాన పరిస్థితి నివేదిక అనుకుంటే తప్పు పట్టాల్సిందే. అక్కడి మనుషుల తలల్లో ఉన్న కాలాన్ని పట్టే ప్రయత్నం అనుకుంటే లెక్క మారుతుంది. ఇంకో సంగతి. పల్లె మీద పట్నంవాళ్ళు తీసే సినిమాల్లో మామూలుగా ఉండే జాలి ఇందులో ఉండదు, దానికి కారణం వాళ్ళు పనిచేసిన పద్ధతే. 1977లో ఫ్రెంచి పత్రిక ‘కాయే ద్యు సినెమా’తో మాట్లాడుతూ, ముందు స్నేహం చేయకుండా ఏ రైతునూ, ఏ పిల్లాడినీ, ఏ ముసలివాళ్ళనూ తాము కెమెరా ముందు నిలబెట్టలేదని రైష్ చెప్పారు. తెర మీద మనుషులు బిగుసుకుపోకుండా ఉండడంలో ఆ సంగతి తెలుస్తూనే ఉంటుంది.

మానవశాస్త్ర సినిమాకు పెద్దదిక్కైన జాఁ రూష్ ఈ సినిమా చూసి కదిలిపోయారు. ఒక ప్రాంతాన్ని, అంటే అక్కడి మనుషులకూ నేలకూ రుతువులకూ ఉన్న చిక్కుముడి బంధాన్ని, ఇంత పట్టుదలగా చెప్పడానికి ప్రయత్నించినవారు తనకు తెలిసి లేరన్న అర్థంలో పోర్చుగీసు సినిమా అధికారులకు ఉత్తరం రాశారు.

ఆనా, రోజా ద అరేయా

‘ఆనా’ (1982) అదే నేల మీద, ఇంకా తక్కువ మాటలతో సాగుతుంది. ముసలితల్లి ఆనాగా కోర్దైరు సొంత తల్లి ఆనా మరీయా మార్తింజ్ గెర్రా నటించారు. పిల్లలు, మనవలు, పాలు, రొట్టె, గాలి. పచ్చిక బయలులో ఆమె తన ఆవును పేరు పెట్టి పిలుస్తుంది. ఆవు పేరు మిరాందా. ఊరి పేరూ మిరాందాయే కావడంతో ఆమె ఎవరిని పిలుస్తోందో ఒక్క క్షణం అనుమానమొస్తుంది. ఇంకోచోట ఒక పరిశోధకుడు ఇంట్లో భోజనాల బల్ల దగ్గర కూర్చుని మెసొపొటేమియా నదుల్లో ఊదిన తోలుతిత్తుల మీద తేలే తెప్పల గురించి, తమ నదిలో తెప్పల గురించి పాఠం చెప్పినట్టు చెప్పుకుపోతాడు. డాక్యుమెంటరీల్లో పండితుడి వ్యాఖ్యానం ఉండాల్సిన చోటు సినిమా చివరో మొదలో. ఇక్కడ అది అన్నం తింటున్నవాళ్ళ మధ్యకు వచ్చి కూర్చుంది. రంగుల మీద వాళ్ళ పట్టు ఈ సినిమాలో పూర్తిగా తెలుస్తుంది. ఒక ఎర్ర గుడ్డ కోసమే ఒక షాట్ మొత్తం ఎదురుచూసినట్టు ఉంటుంది.

‘రోజా ద అరేయా’ (1989) వాళ్ళ చివరి సినిమా, అన్నిటికన్నా కొరుకుడుపడనిది. వేర్వేరు కాలాల రచనల ముక్కలు, రాళ్ళ మధ్య నడిచే మనుషులు, విచారణలు, శిక్షలు. దేనికీ దేనికీ ముడి వేయరు. బెర్లిన్ ఉత్సవంలో చూపించారు గానీ, స్వదేశంలో జనంలోకి పెద్దగా పోలేదు. దీన్ని వాళ్ళ శిఖరం అనేవాళ్ళున్నారు. నాకు మాత్రం, ముందరి రెండు సినిమాల్లో ఆలోచనను మోసిన ఊరిజనం ఇందులో వెనక్కి పోయి, ఆలోచన ఒంటరిగా మిగిలిందనిపిస్తుంది. ఆ తర్వాత మెక్సికో రచయిత హువాన్ రుల్ఫో నవల ‘పెద్రో పరామో’ను తీయాలనుకున్నారు. చచ్చినవాళ్ళు మాట్లాడుకునే ఊరి కథ అది. వాళ్ళకు తగ్గ వస్తువే. అది కుదరకముందే 1991 సెప్టెంబరు 10న రైష్ లిస్బన్‌లో చనిపోయారు. కోర్దైరు ఆ తర్వాత మరో సినిమా తీయలేదు.

తరగతి గది

1977 నుంచి చనిపోయేదాకా రైష్ లిస్బన్ సినిమా బడిలో పాఠం చెప్పారు. ఆయన దగ్గర చదువుకున్నవారిలో పెద్రు కోష్తా, జువావ్ పెద్రు రొద్రీగిష్, జువాకిం సపీన్యు, మనువెలా వియేగష్ ఉన్నారు. వీళ్ళ సినిమాలు ఒకదానితో ఒకటి పోలవు, రైష్ సినిమాలతో అసలే పోలవు. రొద్రీగిష్‌ది రాత్రిపూట లిస్బన్, కోరిక, వేషం. కోష్తాది నగరం అంచున కేప్ వెర్డే వలసకూలీలు బతికిన ఫొంతైన్యష్ మురికివాడ. ‘నో క్వార్తు ద వాందా’ (2000) కోసం కోష్తా పెద్ద బృందాన్ని వదిలేసి, చిన్న డిజిటల్ కెమెరాతో ఏళ్ళ తరబడి ఆ వాడకు రోజూ వెళ్ళారు. అక్కడివాళ్ళు తమ మాటల్నే మళ్ళీ మళ్ళీ చెప్పి, సాన పట్టి, కెమెరా ముందు పెట్టారు. పల్లెరైతుల చోట మురికివాడ జనం వచ్చారు, స్నేహం ముందు కెమెరా తర్వాత అన్న వరస మాత్రం రైష్‌దే. పోర్చుగీసు సినిమాలో తమకంటూ ఒక గతం ఉందని చెప్పుకునే వీలు ‘త్రాజ్ ఉజ్ మోంతిష్’తోనే తమకు దొరికిందని కోష్తా పలుమార్లు అన్నారు. రైష్ దగ్గర చదువుకోని తర్వాతి తరంలోనూ ఆ జాడ ఉంది. అర్గనీల్ ప్రాంతపు వేసవి జాతరలనూ అక్కడి జనాన్నీ చిత్రీకరిస్తూనే వాళ్ళతోనే కథ ఆడించిన మిగెల్ గోమిష్ సినిమా ‘అకెల కేరిదు మెష్ ద అగోష్తు’ (2008) అందుకు ఉదాహరణ.

చాలాకాలం ఈ సినిమాల ప్రింట్లు దొరకడమే కష్టంగా ఉండేది. పేరు విన్నవాళ్ళు ఎక్కువ, చూసినవాళ్ళు తక్కువ. 2012లో హార్వర్డ్ ఫిల్మ్ ఆర్కైవ్ వీటిని శిష్యుల సినిమాలతో కలిపి ఒక వరసగా అమెరికాలో ప్రదర్శించింది. ‘రైష్ బడి’ అన్నది దాని పేరు, ఉపశీర్షికలో మాత్రం కోర్దైరు పేరు కూడా వేశారు. బడిలో పాఠం చెప్పింది ఆయనొక్కరే కాబట్టి ఆ పేరును తప్పుపట్టలేం. ఆ పాఠానికి ఆధారమైన సినిమాల్లో జైమ్ బొమ్మలను వెతికి పట్టిందీ, సొంత ఊరి తలుపులు తెరిపించిందీ, తల్లిని కెమెరా ముందుకు తెచ్చిందీ కోర్దైరు. ఈ మధ్య రాస్తున్నవాళ్ళు ఇద్దరి పేర్లూ కలిపే రాస్తున్నారు.